ఎదురు కుర్చీ

ఇల్లు, వంటగది గట్టు దగ్గర
వానలు మొదలైన వారం

గౌరవనీయులైన వదినగారికి,

మీ మరదలు నమస్కరించి రాసేది. ఇక్కడ ఒంట్లో అందరికీ బాగానే ఉంది. మనసుల సంగతి రాయడానికే కూర్చున్నాను. ఫోను చేద్దామని చేతిలోకి తీసుకుని మళ్ళీ పెట్టేశాను. మీ గొంతు వింటే నా గొంతు పెగలదు. పెళ్ళైన కొత్తలో మీరు ఫోనులో "బాగున్నావా" అని అడిగితే నేను తల ఊపి ఊరుకున్నానని మీరు ఇప్పటికీ అందరికీ చెప్పి నవ్విస్తారు. కాగితమైతే ఎదురుగా ఎవరూ ఉండరు. చదివింది అయిదో తరగతే అయినా అక్షరాలు నా మాట వింటాయి.

నిన్న సాయంత్రం మీ తమ్ముడు కోర్టు నుంచి వచ్చారు. కేసు సంగతి నాకు అంతంతమాత్రంగా తెలుసు. హెడ్మాస్టరు కావాలంటే అర్హత పరీక్ష పాసవ్వాలని రూలు ఉందట. పాత టీచర్లకి సర్వీసు చాలు, పరీక్ష అక్కర్లేదని ఆఫీసువాళ్ళు ప్రమోషన్ ఆర్డర్లు ఇచ్చేశారట. అవి చెల్లవని, పరీక్ష పాసైన ఈయనా ఈయన స్నేహితులూ కోర్టుకి వెళ్ళారు. నిన్న జడ్జిగారు ఆ ఆర్డర్లన్నీ ఆపేశారు. వచ్చినవాళ్ళంతా మా గుమ్మంలో చేతులు కలుపుకుని సంతోషపడ్డారు. వాళ్ళు వెళ్ళిపోయాక మీ తమ్ముడు చొక్కా కూడా మార్చుకోకుండా మంచం మీద కూర్చుని, "ఆగిపోయిన వాటిలో అక్కది కూడా ఉంది" అన్నారు.

మీకు ఆర్డరు వచ్చినట్టు ఆయనకి తెలియదు వదినా. లాయరు పేర్లు చదువుతుంటే విన్నారట. "నాకు చెప్పనే లేదు. చెబితే సంతోషించేవాణ్ణి కదా" అన్నారు. కేసు వేసిన మనిషి ఎలా సంతోషిస్తారో నాకు అర్థం కాలేదు. అడగలేదు కూడా. అన్నం వడ్డిస్తే సగం వదిలేశారు.

మీరు ఎలా ఉన్నారో రాయండి. ఈ ఉత్తరం రాస్తున్నట్టు ఆయనతో చెప్పలేదు.

మీ మరదలు

*

బడి, ఆఫీసు గది, ఎదురు కుర్చీలోంచి

చిరంజీవి మరదలికి,

నీ ఉత్తరం అందింది. నేను బాగున్నాను. నాకు ఎవరి మీదా కోపం లేదు. మూడో వాక్యం చదివి నువ్వు నమ్మవని తెలుసు కనుక దాని గురించి ఇంకేమీ రాయను.

ఆర్డరు సంగతి వాడికి ఎందుకు చెప్పలేదంటే, హెడ్మిస్ట్రెస్ కుర్చీలో కూర్చున్నాక అక్కణ్ణుంచే ఫోను చేద్దామనుకున్నాను. చిన్నపిల్లల సరదా అనుకో. మర్నాడు బాధ్యతలు తీసుకోవాలి. ఈలోగా కోర్టు నుంచి కబురు వచ్చింది. మీ అన్నయ్య కుట్టు మిషను ముందు నుంచి లేవకుండానే, "పోనీలే, కూర్చున్నాక లేపలేదు కదా" అన్నారు. ఓదార్పులు కూడా కొలతకి కత్తిరించినట్టే ఉంటాయి ఆయనవి.

ఇప్పుడు నేను మళ్ళీ ఇన్‌ఛార్జిని. మా బడిలో ఒక అలవాటు ఉంది. ఇన్‌ఛార్జిగా ఉన్నవాళ్ళు పెద్ద కుర్చీలో కూర్చోరు. టేబులుకి ఇవతల, వచ్చినవాళ్ళ కోసం వేసే కుర్చీలో కూర్చుని పని చేస్తారు. ఎవరు మొదలుపెట్టారో తెలియదు, ఎవరూ మానలేదు. దాంతో పిల్లల పెద్దవాళ్ళు వచ్చి నా పక్కన నిలబడి, తమ కష్టసుఖాలన్నీ ఖాళీ కుర్చీతో చెప్పుకుంటారు. మొన్న ఒక తాతగారు, "సారు ఎప్పుడొస్తారమ్మా" అన్నాడు. సారు లేరు, నేనే అన్నాను. "అలాగా. అయితే సారొచ్చాకే వస్తాలే" అని వెళ్ళిపోయాడు.

నాకు ఈ పదవి ఎందుకో నీకైనా చెబుతాను. మేడ మీద పెద్ద గది ఉంది. కప్పు కారుతుందని తాళం వేశాం. అందుకని కింద ఒకే గదిలో రెండు తరగతులు, పిల్లలు వీపులు ఆనించుకుని కూర్చుంటారు. ఒకవైపు నేను పద్యం చెబుతుంటే అటువైపువాళ్ళు ఎక్కాలు. మావాళ్ళు పద్యంలో కూడా ఎక్కం అప్పజెబుతున్నారు. ఆ గది బాగు చేయించడానికి ఇన్‌ఛార్జి సంతకం చెల్లదు, హెడ్మిస్ట్రెస్ సంతకమే కావాలి. వచ్చే ఏడు కాక ఆ పై ఏడు రిటైరవుతాను, ఆ లోపు ఆ తాళం తీయాలని నా కోరిక. ఇంతే.

పరీక్ష రాయవచ్చుగా అని ఎవరైనా అంటారేమో. ఇన్నేళ్ళు పిల్లల చేత పరీక్షలు రాయించినదాన్ని. హాల్ టికెట్టు పట్టుకుని వరసలో నిలబడను. నీ భర్తకి ఈ మాటలు చెప్పనక్కర్లేదు.

మీ వదిన

*

ఇల్లు, వంటగది గట్టు దగ్గర
వానలు తగ్గుముఖం పట్టాక

వదినగారికి,

మీ ఉత్తరం బీరువాలో దాచాను. మేడ మీద గది గురించి మాత్రం, పప్పు కలుపుతూ ఎవరితోనో అన్నట్టు పైకి అన్నాను. మీ తమ్ముడు విన్నారు.

కేసు నడిపించే ఆయన ఒకరున్నారు. ఎండలోనూ నీడలోనూ గొడుగు వదలరు కాబట్టి నేను ఆయన్ని గొడుగు మాస్టారు అనుకుంటాను. పోయిన వారం ముందు గదిలో అందరూ కూర్చున్నారు. నేను మంచినీళ్ళు పట్టుకెళ్ళేసరికి ఆయన అంటున్నారు, "తీర్పు కోసం తొందరెందుకండీ. వాయిదా మీద వాయిదా అడుగుదాం. ఆ పెద్దవాళ్ళు ఒక్కొక్కరే రిటైరైపోతారు. మన పని కూర్చున్నచోట అయిపోతుంది."

మీ తమ్ముడు నా వైపు చూడలేదు. నెమ్మదిగా అన్నారు, "మనం రూలు గురించి కేసు వేశాం. మనుషులు ముసలివాళ్ళవుతారని కాదు. వాయిదా అడిగితే నా పేరు తీసేస్తాను."

"మీ అక్కగారున్నారనా?" అన్నారు గొడుగు మాస్టారు.

"మా అక్క లేకపోయినా ఇదే అంటాను. ఉంది కాబట్టి గట్టిగా అంటున్నాను."

గొడుగు మాస్టారు విసురుగా లేచి వెళ్ళిపోయారు. ఆ విసురులో గొడుగు మర్చిపోయారు. ఇంకా మా తలుపు వెనకే ఉంది. తీసుకెళ్ళడానికి వస్తే మాట్లాడాల్సి వస్తుందని వానలో తడుస్తున్నారని విన్నాను.

ఇంకో మాట. మధ్యాహ్నం తోచక ఆయన పాత పరీక్ష పుస్తకం అటక మీద నుంచి దింపి చదువుతున్నాను. సగం అర్థం కాదు. ఒక ప్రశ్నకి నాకైతే ఏదీ సరిగ్గా తోచలేదు. మీరు చెప్పండి. కొత్తగా చేరిన పిల్లవాడు తరగతిలోకి రాకుండా గుమ్మం దగ్గర ఏడుస్తున్నాడు. హెడ్మాస్టరు ఏం చేయాలి? ఒకటి, తల్లిదండ్రులను పిలిపించాలి. రెండు, తరగతి టీచరుకి అప్పగించాలి. మూడు, ఆటవస్తువులతో ఆకర్షించాలి. నాలుగు, కొంతకాలం ఇంటి దగ్గరే ఉంచమనాలి.

మీ మరదలు

*

బడి, ఎదురు కుర్చీలోంచి

మరదలా,

నాలుగూ తప్పే. రాసినవాడు ఏడ్చే పిల్లవాణ్ణి దూరం నుంచే చూసినట్టున్నాడు. గుమ్మం దగ్గర ఏడుస్తున్నవాణ్ణి గుమ్మం దగ్గరే కూర్చోబెట్టాలి. "నాకు కళ్ళు సరిగ్గా కనపడవు, లోపల ఎంతమంది ఉన్నారో లెక్కపెట్టి చెప్పరా" అనాలి. వాడు ముక్కు తుడుచుకుని లెక్కపెడతాడు. "ఒకరు తక్కువయ్యారే, ఎవరబ్బా" అనాలి. వాడు మళ్ళీ లెక్కపెడతాడు. వెతుకుతాడు. ఆ తక్కువైంది తనేనని తెలిశాక, లెక్క సరిచేయడానికి వాడే లోపలికి వచ్చి కూర్చుంటాడు. ఇంతవరకు ఏ పిల్లవాడూ నన్ను మోసం చేయలేదు.

వాడు గొడుగు మనిషితో అన్న మాట నాకెందుకు రాశావు? రాయకుండా ఉంటే బాగుండేది. కోపంగా ఉండటం తేలిక. ఆ తేలిక కూడా లేకుండా చేశావు.

ఇంకా ఏమైనా ప్రశ్నలుంటే పంపు. ఆ పుస్తకం ఎంత అన్యాయంగా ఉందో చూద్దామని.

మీ వదిన

*

ఇల్లు, వరండా మెట్టు మీద
చలి మొదలయ్యాక

వదినా,

తీర్పు వచ్చింది. మీకూ తెలిసే ఉంటుంది. అయినా ఈయన చెప్పినట్టు రాస్తున్నాను. పరీక్ష అందరికీ ఉండాల్సిందేనట. కానీ ఇన్నేళ్ళు పనిచేసినవాళ్ళని ఒక్కసారిగా పక్కకి నెట్టకూడదట. ఈసారి పరీక్ష ఫలితాలు వచ్చేదాకా ఆ పోస్టులు అలాగే ఉంచాలి. పాతవాళ్ళు పాసైతే సర్వీసు ప్రకారం వాళ్ళే ముందు. కాకపోతే తర్వాతివాళ్ళకి వెళ్ళిపోతాయి. ఇంకో అవకాశం లేదు.

గెలిచినట్టా ఓడినట్టా అని అడిగాను. నేనే అడిగాను వదినా, నోరు తెరిచి. "రూలు గెలిచింది" అన్నారు. ఆ మాటతో ఆయనకి కడుపు నిండినట్టు లేదు.

మీరు పంపిన జవాబులన్నీ ఆ పుస్తకంలో పెట్టాను. పుస్తకం లావెక్కింది. ఈ వారం ప్రశ్న ఇది. బడిలో ఒక గది ప్రమాదకరంగా ఉంది. హెడ్మాస్టరు మొదట ఏం చేయాలి? ఒకటి, మరమ్మతు చేయించాలి. రెండు, గది వాడకుండా మూసివేసి పై ఆఫీసుకి తెలపాలి. మూడు, తల్లిదండ్రుల సమావేశం పెట్టాలి. నాలుగు, పిల్లలకి జాగ్రత్తలు చెప్పాలి.

మీరు మొదటిది అంటారని తెలుసు. పరీక్షలో అలా తొందరపడకూడదు. ఏది కాదో ముందు తేల్చుకుంటూ రావాలి. ఎక్కడ లేదో ముందు చెప్పగలిగితే, ఎక్కడుందో దానంతటదే దొరుకుతుంది.

మీ మరదలు

*

బడి, ఎదురు కుర్చీలోంచి

మరదలా,

జవాబు రెండు. ఆ పని నేను ఎప్పుడో చేశాను, తాళం చెవి నా సంచీలోనే ఉంది. అది కాదు ఇప్పుడు సంగతి.

చివర రాసిన మాట నీది కాదు.

వాడికి ఆరేడేళ్ళప్పుడు రోజూ ఏదో ఒకటి పోగొట్టేవాడు. ఒక చెప్పు, పెన్ను మూత, బొంగరం తాడు. పోగానే ఇల్లెగిరిపోయేలా ఏడుపు. అమ్మ పనిలో ఉండేది, నేనే చూసుకోవాలి. "ఏడవకు. ఎక్కడ లేదో ముందు చెప్పు" అనేదాన్ని. మంచం కింద లేదు, అలమరలో లేదు, బల్ల వెనక లేదు అని చెప్పుకుంటూ ఇల్లంతా తిరిగేవాడు. తిరిగేసరికి ఏడుపు ఆగిపోయేది. వస్తువు దొరికేది. ఎక్కడ లేదో చెప్పగలిగితే ఎక్కడుందో అదే దొరుకుతుందని నేను ఎవరికీ పాఠం చెప్పలేదు. వాడొక్కడికే చెప్పాను.

వాడు నీ వెనక కూర్చుని రాయిస్తున్నాడా? నన్ను ఓడించి, ఇప్పుడు నాకు ట్యూషను చెబుతున్నాడా? ఇన్నాళ్ళూ నీకు తోచక పంపుతున్నావనుకుని నవ్వుకుంటూ జవాబులు రాశాను. నిజం చెప్పు. నిజం చెప్పేదాకా ప్రశ్నలు పంపకు.

మీ వదిన

*

ఇల్లు, వంటగది గట్టు దగ్గర

వదినా,

మీ ఉత్తరం చదివాను. ఇదివరకటి నేనైతే జవాబు రాయకుండా బీరువా వెనక దాక్కునేదాన్ని. నిజం రాస్తున్నాను.

మొదటి ప్రశ్న నేనే పంపాను. నిజంగానే తోచక. మీ జవాబు వచ్చిన రోజు చిక్కుళ్ళు ఒలుస్తూ పైకి చదువుకున్నాను. గుమ్మంలో షూ లేసులు కట్టుకుంటున్న మీ తమ్ముడు ఆగిపోయారు. పిల్లవాడు లెక్క సరిచేయడానికి లోపలికి వచ్చి కూర్చున్నాడని చదివాక, గోడవైపు తిరిగి నవ్వారు. భుజాలు కదలడం చూశాను. కేసు మొదలయ్యాక ఆయన నవ్వడం అదే మొదటిసారి.

మర్నాడు పుస్తకం తెరిస్తే ఒక పేజీ మూల మడిచి ఉంది. పక్కన పెన్సిలుతో సన్నగా రెండు ముక్కలు. నేను మడవలేదు. ఆయన నాకేమీ చెప్పలేదు, నేను అడగలేదు. ఆ ప్రశ్న మీకు పంపాను. మళ్ళీ వారం ఇంకో పేజీ. ఎక్కడ లేదో ముందు చెప్పాలన్న మాట కూడా అలా ఆయన పేజీ పక్కన రాసిందే. మీ ఉత్తరం వచ్చిన రోజు నేను పైకి చదువుతాను, ఆయన గుమ్మంలో కూర్చుని కట్టిన లేసులే విప్పి మళ్ళీ కడతారు. నేను చదవడం అయ్యేదాకా ఆ షూ ఆయన కాలికి ఎక్కదు. ఇలా కొన్ని నెలలుగా మా ఇంట్లో మీరు మాట్లాడుతున్నారు, ఆయన వింటున్నారు, మధ్యలో నేను చిక్కుళ్ళు ఒలుస్తున్నాను.

ట్యూషను అన్నారు. నాకు అలా అనిపించలేదు. కేసు వెనక్కి తీసుకోవడానికి ఆయన మనసు ఒప్పుకోదు. రూలు న్యాయమేనని నమ్ముతున్నారు. మీరు ఆ కుర్చీలో కూర్చోవడం కూడా న్యాయమేనని నమ్ముతున్నారు. రెండూ నిజం కావాలంటే మీరు పరీక్ష రాయడం తప్ప ఇంకో దారి ఆయనకి కనపడలేదు. నోటితో అడిగే ధైర్యం లేదు. ఇంట్లో పిరికిదాన్ని నేనొక్కదాన్నే అనుకున్నాను, ఇద్దరం ఉన్నాం.

ప్రశ్నలు పంపవద్దన్నారు. ఇది ఒక్కటే. దీని పేజీ ఆయన మడవలేదు, నేనే వెతికి తీశాను. ఒక బడిలో ఇద్దరు టీచర్లు మాట్లాడుకోవడం లేదు. హెడ్మాస్టరు ఏం చేయాలి? ఒకటి, ఇద్దరినీ పిలిచి మందలించాలి. రెండు, పై ఆఫీసుకి రాయాలి. మూడు, ఇద్దరికీ కలిపి ఒక పని అప్పగించాలి. నాలుగు, వాళ్ళే సర్దుకుంటారని వదిలేయాలి.

మీకు కోపం వస్తే నా మీద పడండి. పరీక్షకి దరఖాస్తు చేయడానికి గడువు ఈ నెలాఖరు.

మీ మరదలు

*

ఇల్లు, మీ అన్నయ్య కుట్టు మిషను పక్కన
ఎండలు ముదిరాక

మరదలా,

చాలా రోజులు రాయలేదు. అలిగానని అనుకుని ఉంటావు. మొదట్లో అలిగాను. తర్వాత చదువుకోవడానికే సమయం చాలలేదు.

నువ్వు పంపిన ఆఖరి ప్రశ్నకి జవాబు మూడు. ఈ ఒక్కదాని విషయంలో పుస్తకంతో నాకు పేచీ లేదు.

నిన్న పరీక్ష రాసి వచ్చాను. నా పక్క బల్ల మీద అమ్మాయి నా దగ్గర చదువుకున్నదే. నన్ను చూడగానే లేచి నిలబడింది. "టీచర్, ఈ హాల్లో ఇన్విజిలేటరు మీరేనా" అంది. "కాదమ్మా, నాకు కూడా భయంగా ఉంది, కూర్చో" అన్నాను. దానికి ఎంత ధైర్యం వచ్చిందో, నాకు వాడటానికి ఇంకో పెన్ను కూడా ఇచ్చింది. వరసలో నిలబడటం గురించి నీకు ఏదో పెద్ద మాట రాశాను, గుర్తుందా? నిలబడితే కాళ్ళేమీ అరిగిపోలేదు. కొన్ని ప్రశ్నలకి నాలుగూ తప్పే అని పెన్సిలుతో పక్కన రాసి, నాలుక కరుచుకుని చెరిపేశాను. మిగతావాటిలో ఏది కాదో ముందు కొట్టేసుకుంటూ వచ్చాను. ఏడుపు రాలేదు.

మీ అన్నయ్య పరీక్షకని కొత్త సంచీ కుట్టిచ్చారు. లోపల తాళం చెవికి విడిగా ఒక అర పెట్టారు. అడగకుండానే.

వాడికి చెప్పు, లేక చెప్పకు. చిక్కుళ్ళు ఒలుస్తూ పైకి చదువు.

మీ వదిన

*

బడి, ఆఫీసు గది, పెద్ద కుర్చీలోంచి

మరదలా,

పైన రాసింది చూశావుగా. ఇక వేరే చెప్పనక్కర్లేదు. మార్కులు అడగకు, అంచు మీద గట్టెక్కాను.

ఈ కుర్చీకి ఒక కాలు కొంచెం పొట్టి. ఎదురుగా కూర్చుని ఇన్నాళ్ళు చూశాను కానీ తెలియలేదు. మొదటి సంతకం మేడ మీద గదికి పెట్టాను. పనివాళ్ళు వచ్చి కప్పు బాగు చేసి వెళ్ళారు. సెలవులయ్యేసరికి గది సిద్ధమైంది. తాళం తీసిన రోజు పిల్లలందరూ మెట్లెక్కి, ఏమీ లేని ఆ గదిలో గుండ్రంగా పరుగెత్తారు. పనికిరాని పని అని ఎవరూ ఆపలేదు. నేనూ ఆపలేదు.

ఆ తాతగారు మళ్ళీ వచ్చాడు. "సారొచ్చారా" అన్నాడు. వచ్చారు అన్నాను. కూర్చుని అంతా చెప్పుకుని వెళ్ళాడు.

నీ గురించి కూడా ఒక మాట. అంత లావు పుస్తకం మొదటి నుంచి చివరిదాకా చదివినదానివి, అయిదో తరగతి దగ్గర ఆగిపోవడమేమిటి? ప్రైవేటుగా పరీక్షకి కట్టు. ఎవరు చెబుతారని అడగకు. పేజీలు మడవడానికి ఇంట్లో మనిషి ఉన్నాడు.

ఇన్నాళ్ళూ నువ్వు పంపావు, ఈసారి ప్రశ్న నాది. తమ్ముడు ఆర్డర్లు ఆగిన దగ్గర్నుంచి అక్కతో మాట్లాడలేదు. అక్క కూడా మాట్లాడలేదనుకో. ప్రమోషన్ల వరసలో తమ్ముడి వంతు అక్క తర్వాతే వస్తుంది, అందుకు అతనేమీ దిగులు పడుతున్నట్టు లేదు. ఇప్పుడు అతను ఏం చేయాలి? ఒకటి, ఫోను చేసి అభినందించాలి. రెండు, భార్య ఉత్తరం అడుగున రెండు ముక్కలు రాయాలి. మూడు, భార్య చేతనే చెప్పించాలి. నాలుగు, ఇంకొంత కాలం గోడవైపు తిరిగి షూ లేసులు కట్టుకోవాలి.

జాగ్రత్తగా ఆలోచించి రాయి.

మీ వదిన

*

మీ బడి గేటు పక్కన, సిమెంటు బల్ల మీద

వదినా,

నాలుగూ తప్పే.

ఈ ఉత్తరం పోస్టులో వేయలేదు, తెచ్చిన మనిషిని చూసే ఉంటారు. ఆయన్ని ఎదురు కుర్చీలో కూర్చోబెట్టండి. వచ్చినవాళ్ళు అక్కడే కూర్చోవాలని మీరే రాశారు. నోరు పెగలకపోతే కంగారు పడకండి. ఏ మాట చెప్పడానికి రాలేదో ముందు అడగండి. అది కాదు, ఇది కాదు అని చెప్పుకుంటూ వస్తే అసలు మాట దొరుకుతుంది. దారిలో గొడుగు మాస్టారి ఇంటికి వెళ్ళి గొడుగు ఇచ్చి వచ్చాం. ఆయనే లోపలికి రమ్మన్నారు.

మీరు ప్రైవేటు పరీక్ష అన్న దగ్గర్నుంచి నాకు నిద్ర లేదు. కడతాను.

మీరిద్దరూ మాట్లాడుకోవడం అయ్యాక, గదిలో ఎంతమంది ఉన్నారో ఒకసారి లెక్కపెట్టండి. ఒకరు తక్కువ వస్తారు. గేటు దగ్గర చూడండి.

మీ మరదలు